వెనక బెంచీ పిల్లలు

(పినపాకలో జరిగిన తల్లిదండ్రులు, ఉపాధ్యాయులు, కార్యకర్తల సమావేశంలో ఉపాధ్యాయ బృందం తరఫున చేసిన ప్రసంగ పాఠం)

 

ఈ సమావేశానికి పిలుస్తూ నిర్వాహకులు మా ముందు పెట్టిన ప్రశ్న చాలా సూటిగా ఉంది. “పిల్లవాడు ఆరో తరగతికి వచ్చాడు, కూడబలుక్కుని కూడా చదవలేడు. సార్లు మొద్దు అంటున్నారు. మెకానిక్ షెడ్డులో పెడితే పనైనా వస్తుంది కదా?” అని ఇళ్లలో అడుగుతున్నారట. ఆడపిల్ల విషయంలో ఆ మాత్రం ప్రశ్న కూడా పుట్టదు. ఆమె బడి మానేసిన సంగతి పక్కింటివారికి సైతం తెలియదు.

ఆరు నుంచి పద్నాలుగేళ్ల వయసున్న ముస్లిం పిల్లల్లో నాలుగో వంతు అసలు బడి ముఖం చూడనివారో, చేరి మధ్యలో మానేసినవారో అని 2006లో సచార్ కమిటీ నివేదిక చెప్పింది. ఆ నివేదిక మీద మన సభల్లో ఎంతో చర్చ జరిగింది. రిజర్వేషన్ల గురించి, స్కాలర్‌షిప్పుల గురించి, గురుకులాల గురించి మాట్లాడుకున్నాము. అవన్నీ మాట్లాడుకోవలసినవే. అయితే పేదరికం బడి మానిపించే ఇంటిలోనే, అదే అన్నం తిని, అన్న చదువుకుంటుంటే తమ్ముడు మానేయడం మనం చూస్తున్నాము. ఆ తమ్ముడికి తరగతి గదిలో ఏం జరిగిందన్న ప్రశ్న మన సభలకు ఇంతవరకు పెద్దగా రాలేదు. రోజుకు ఆరు గంటలు, ఏమీ అర్థం కాకుండా, నలుగురిలో నవ్వులపాలవుతూ ఒక పెద్దమనిషి అయినా ఎన్నాళ్లు కూర్చోగలడు? పదేళ్ల పిల్లవాడు కూర్చోలేడు. లేచి అల్లరి చేస్తాడు, లేదా నోరు మూసుకుని గోడకు ఆనుకుంటాడు. మొదటివాడిని మొండి అంటారు, రెండోవాడిని మొద్దు అంటారు.

ఈ రెండు మాటలూ వాడకముందు ఉపాధ్యాయుడు తెలుసుకోవలసింది ఒకటి ఉంది. ఆ పిల్లవాడు భిన్నంగా ఉన్నాడా, లేక అతనికి నిజంగా ఒక కష్టం ఉందా? ఈ రెండింటినీ కలగాపులగం చేయడం వల్లనే మన పిల్లలకు రెండు వైపులా నష్టం జరుగుతున్నది. భాష వేరైన పిల్లవాడిని బుద్ధి తక్కువవాడి కింద లెక్కగడుతున్నారు. నిజంగా సహాయం కావలసిన పిల్లవాడిని “వాళ్ల ఇళ్లలో చదువు పట్టదు లెండి” అని వదిలేస్తున్నారు.

మొదట భాష సంగతి. పినపాక, మణుగూరు చుట్టుపక్కల ఒక తరగతిలోకి వెళ్లి చూడండి. ఒక పిల్ల ఇంట్లో కోయ మాట్లాడుతుంది, ఒకడు లంబాడీ, మరొకడు మన దక్కనీ ఉర్దూ. వీరందరికీ బడి భాష తెలుగు. దాని మీద 2022-23 నుంచి ప్రభుత్వ బడులలో ఇంగ్లీషు మాధ్యమం మొదలైంది. ఒక పేజీ తెలుగు, ఎదుటి పేజీ ఇంగ్లీషు ఉన్న పుస్తకాలు వచ్చాయి. పుస్తకం రెండు భాషల్లో ఉంది, పిల్లవాడి భాష ఆ రెంటిలోనూ లేదు. 2004లో ఉమ్మడి రాష్ట్రంలో కోయతో సహా ఎనిమిది గిరిజన భాషల్లో తొలి తరగతుల బోధన ప్రారంభించారు. ఇంటి భాషలో మొదలుపెట్టి బడి భాషకు నడిపించాలన్నది దాని సూత్రం. ఆ సూత్రం దక్కనీ మాట్లాడే పిల్లవాడికీ వర్తిస్తుంది.

దక్కనీలో ‘ళ’ ధ్వని లేదు. మన పిల్లవాడు “సార్, కళ్లు నొప్పి” అనబోతే “కల్లు నొప్పి” అని వస్తుంది. తరగతి గొల్లుమంటుంది. సారుకు కూడా నవ్వు ఆగదు. క్రియ చివర ‘డు’, ‘ది’ తారుమారవుతాయి. దానికి ‘తురక తెలుగు’ అని పేరు పెట్టి సినిమాలు ఎన్నేళ్లుగా నవ్వులు పూయిస్తున్నాయో మీకు తెలుసు. సినిమా హాలులో అది రెండు నిమిషాల హాస్యం. తరగతిలో అయితే ఆ పిల్లవాడు ఆ ఏడాదంతా నోరు విప్పడు. నోరు విప్పని పిల్లవాడికి భాష ఎట్లా వస్తుంది? అందుచేత ఉపాధ్యాయులు పాటించవలసిన మొదటి పద్ధతికి డబ్బు అక్కరలేదు, శిక్షణ అక్కరలేదు. తప్పు పలికిన మాటను నలుగురిలో ఎత్తిచూపకుండా, అదే మాటను సరిగా పలుకుతూ జవాబు చెప్పాలి. “కళ్లు నొప్పా? ఎప్పటి నుంచి నీ కళ్లు నొప్పి?” అంటే చాలు, పిల్లవాడు సరైన మాట రెండుసార్లు విన్నాడు. నవ్విన పిల్లలతో కూడా పని ఉంది. కోయలో ‘కన్ను’ను ఏమంటారు, లంబాడీలో ఏమంటారు, ఉర్దూలో ఏమంటారు అని అడిగి బల్ల మీద నాలుగూ రాయిస్తే ఎవరి భాష మీదా ఎవరూ నవ్వరు.

మరొకటి. ఫజర్ నమాజు తర్వాత మక్తబ్‌లో అరబీ ఖాయిదా చదివి, తొమ్మిదింటికి బడికి వచ్చే పిల్లవాడు ఒకటో తరగతిలో కుడి నుంచి ఎడమకు రాయడం మొదలుపెడితే కంగారు పడనవసరం లేదు. ఒక రోజులో రెండు దిక్కుల రాతలు నేర్చుకుంటున్నాడు. పేజీ ఎడమ అంచున ఒక ఎర్రచుక్క పెట్టి “ఇక్కడి నుంచి” అని చూపిస్తే కొన్నాళ్లలో సర్దుకుంటుంది. తెల్లవారుజామున లేచినవాడు మధ్యాహ్నం కునికిపాట్లు పడితే అది సోమరితనం కాదు. లెక్కల పాఠం మధ్యాహ్నం నుంచి ఉదయానికి మారిస్తే తేడా తెలుస్తుంది.

ఇవన్నీ భేదాలు. ఇక నిజమైన కష్టాన్ని ఎట్లా పసిగట్టాలి? ఇందులో బడి కన్నా తల్లి గొప్ప సాక్షి. మేము తల్లులను అడిగే ప్రశ్నలు ఇవి. ఇంట్లో ఉర్దూలో జరిగిన సంగతి వరుసగా చెప్పగలడా? కిరాణా కొట్టుకు పంపి మూడు వస్తువులు తెమ్మంటే మూడూ తెస్తాడా, ఒకటి తెచ్చి రెండు మరుస్తాడా? పిలిస్తే మొదటిసారే పలుకుతాడా? ఇంటి భాషలో అన్నీ చక్కగా ఉండి తెలుగులోనే తడబడితే అది భాష సమస్య, కాలంతో తీరుతుంది. ఇంటి భాషలోనూ అదే తడబాటు ఉంటే జాగ్రత్తగా చూడాలి.

రెండో సాక్షి మక్తబ్ ఉస్తాదు. అరబీలో బా, తా, సా అక్షరాలకు చుక్కలే తేడా. తెలుగులో మ, య అక్షరాలకు కొమ్ములు తేడా. తోటి పిల్లలు ఖాయిదా ముగించి ముందుకు పోయాక కూడా ఆ చుక్కల దగ్గరే ఆగిపోయి, బడిలో మ, య దగ్గరా ఆగిపోయే పిల్లవాడు, నోటితో అడిగితే మాత్రం టకటకా జవాబు చెప్పేవాడు మనకు కనిపిస్తాడు. అతనికి డిస్లెక్సియా ఉండే అవకాశం ఉంది. అంటే, తెలివి ఉండి కూడా అక్షరానికి, ధ్వనికి మధ్య ముడి బిగుసుకోకపోవడం. కొడితే ఆ ముడి బిగుసుకోదు. నాలుగు గంటలు ఎక్కువ చదివించినా, అదే పద్ధతిలో చదివిస్తే బిగుసుకోదు. ఉస్తాదు, బడి టీచరు ఒక్కసారి కలిసి మాట్లాడుకుంటే ఈ సంగతి ఐదేళ్లు ముందే బయటపడుతుంది. ఒకే ఊరిలో, ఒకే పిల్లవాడికి చదువు చెబుతూ వారిద్దరూ ఒకరి ముఖం ఒకరు ఎరగకపోవడం మాకు చాలా విచిత్రంగా తోస్తుంది.

ఒంటి సంగతులు కూడా చూడాలి. చెవిలో చీము కారే పిల్లవాడికి సగం మాటలు వినబడవు. “చెప్పిన మాట వినడు” అన్నది అతని విషయంలో అక్షరాలా నిజం. బోర్డు కనిపించని పిల్ల పక్కదాని పుస్తకంలోకి చూసి రాస్తుంది, కాపీ కొట్టిందని దెబ్బలు తింటుంది. పాఠం మధ్యలో పది, పదిహేను క్షణాలు చూపు నిలిచిపోయి, పిలిచినా పలకకుండా ఉండి, మళ్లీ ఏమీ ఎరగనట్టు మామూలైపోయే పిల్లలున్నారు. పరధ్యానం అనుకుంటాము. అది ఒక రకమైన మూర్ఛ కావచ్చు, మందులతో అదుపులో ఉంటుంది. ఇటువంటి పిల్లలను “అసర్ అయింది” అని ఆమిల్ దగ్గరికి తీసుకుపోయే ఇళ్లు మనలో ఉన్నాయి. దువా చేయించండి, ఎవరూ వద్దనరు. డాక్టరు వద్దకు మాత్రం అదే వారంలో తీసుకుపోండి. మొదలుపెట్టిన మందు ఎవరు చెప్పినా మధ్యలో ఆపకండి.

ఈ ప్రాంతానికి ప్రత్యేకమైన దుఃఖాలు కూడా తరగతిలోకి వస్తాయి. 2022 జూలైలో భద్రాచలం వద్ద గోదావరి 71.3 అడుగులకు చేరింది. నీళ్లు ఇంట్లోకి రావడం చూసిన పిల్లవాడు వాన మొదలుకాగానే కిటికీ వైపే చూస్తూ కూర్చుంటే “పాఠం మీద ధ్యాస లేదు” అని రాయడం అన్యాయం. ఛత్తీస్‌గఢ్ అడవుల నుంచి తల్లిదండ్రులతో తరలివచ్చిన గుత్తికోయ పిల్లలు చూసినవి అంతకన్నా కఠినమైనవి. సింగరేణి గనుల్లో రాత్రి షిఫ్టు చేసి వచ్చిన తండ్రి పగలు పడుకుంటే, ఒంటిగది ఇంట్లో పిల్లలు మాట్లాడకుండా ఉండాలి. ఆ పిల్లవాడికి గొంతెత్తి అరవడానికి బడి ఒక్కటే చోటు.

ఇప్పుడు అల్లరి సంగతికి వద్దాం. ఉపాధ్యాయ మిత్రులకు మేము గట్టిగా సిఫారసు చేసే సాధనం ఒక రూళ్ల నోటుపుస్తకం. పేజీని నిలువుగా మూడు గళ్లు చేయండి. మొదటి గడిలో ముందు ఏం జరిగింది, రెండో గడిలో పిల్లవాడు ఏం చేశాడు, మూడో గడిలో తర్వాత ఏం జరిగింది అని రాయండి. వాడు దుర్మార్గుడు, వాడి తండ్రి కూడా ఇంతే వంటి తీర్పులు రాయవద్దు, కంటికి కనిపించినది మాత్రమే రాయాలి. పది రోజులు రాశాక వరుసగా చదివితే చాలాసార్లు పుస్తకమే సమాధానం చెబుతుంది.

ఉదాహరణకు ఐదో తరగతి పిల్లవాడు ఒకడు రోజూ పక్కవాడిని కొడుతున్నాడనుకోండి. రాసి చూస్తే, కొట్టడం ప్రతిసారీ తెలుగు వాచకం వంతులవారీగా పైకి చదివే వేళలోనే, తన వంతుకు ఇద్దరు ముందుండగా జరుగుతున్నది. మూడో గడిలో ప్రతిసారీ ఒకే మాట: బయట నిలబెట్టాము. అంటే ఏమైంది? చదవలేని పిల్లవాడికి నలుగురిలో చదివే అవమానం తప్పింది. మనం శిక్ష అనుకున్నది అతనికి సెలవు. కొడితే చదవనక్కరలేదని మనమే రోజూ పాఠం చెబుతున్నాము, అతను ఆ పాఠం మాత్రం చక్కగా నేర్చుకున్నాడు.

ఇక్కడ దెబ్బకు పని లేదు, పైకి చదివే పద్ధతి మార్చాలి. రేపు నీవు ఈ రెండు వాక్యాలు చదువుతావని ముందురోజు సాయంత్రమే చెప్పి, ఇంట్లో పదిసార్లు చదువుకుని రమ్మనండి. ఒంటరిగా కాకుండా ఇద్దరిని కలిసి చదవమనండి. చదవలేనని నోటితో చెప్పడం సిగ్గు కాబట్టి ఒక సీసా మూత ఇచ్చి, కష్టమైనప్పుడు దాన్ని బల్ల మీద పెట్టమనండి. మూత కనబడితే టీచరు ఏమీ అనకుండా పక్కకు వచ్చి అందిస్తారు. కొట్టకుండా గడిచిన రోజున “మంచి పిల్లవాడివి” అని ఊరికే అనవద్దు. “నీ వంతు వచ్చేదాకా చేతులు ఒడిలో పెట్టుకుని కూర్చున్నావు, చూశాను” అని చెప్పండి. దేనికి మెచ్చుకున్నారో తెలిస్తేనే రేపు మళ్లీ చేయగలడు. మందలింపు మాత్రం చెవి దగ్గర, తక్కువ గొంతుతో.

అన్ని అల్లర్లకూ ఇదే మందు కాదు. కొందరు తప్పించుకోవడానికి చేస్తారు, కొందరు ఎవరైనా తన వైపు చూడాలని చేస్తారు. రెండోరకం పిల్లవాడిని బయట నిలబెడితే నిజంగా బాధపడతాడు, కాని బాగుపడడు. మంచిగా ఉన్నప్పుడు మనం అతని వైపు చూస్తున్నామా అన్నది అక్కడ ప్రశ్న. కుదురుగా కూర్చోలేని పిల్లలు, డాక్టర్లు ఏడీహెచ్‌డీ అనే స్థితి ఉన్నవారు, వేరు. వారిని ఎంత భయపెట్టినా పది నిమిషాలకు మించి కూర్చోలేరు. కదలికను నేరం చేయకుండా పని చేయండి. పుస్తకాలు పంచడం, బోర్డు తుడవడం, పక్క తరగతికి చీటీ తీసుకుపోవడం వారికి ఇవ్వండి. తలుపుకు, కిటికీకి దూరంగా, టీచరుకు దగ్గరగా కూర్చోబెట్టండి. “పుస్తకం తీసి, తేదీ వేసి, మూడో లెక్క చేసి, పక్కవాడితో సరిచూసుకోండి” అని నాలుగు పనులు ఒక్క ఊపిరిలో చెప్పకండి. ఒకటి చెప్పి, అయ్యాక రెండోది. పది లెక్కల కాగితాన్ని అడ్డంగా మడిచి ఐదు మాత్రమే కనిపించేటట్టు ఇచ్చినా చేసేవాడు చేస్తాడు.

ఆటిజం ఉన్న పిల్లవాడికి మార్పు భయం, మోత భయం. మధ్యాహ్న భోజనం వేళ స్టీలు పళ్లేల చప్పుడు మనకు మామూలు, అతనికి అది చెవిలో సూదులు గుచ్చినట్టు. రెండు నిమిషాలు ముందుగా పంపి, వరండా చివర కూర్చోనివ్వండి. ఈ రోజు ఏ పాఠం తర్వాత ఏ పాఠమో ఉదయమే బోర్డు మీద వరుసగా రాసి, అయినదాన్ని కొట్టివేస్తూ పొండి. మిగిలిన పిల్లలకూ ఇది ఉపయోగమే. వినికిడి తక్కువ ఉన్న పిల్ల కోసం బోర్డు వైపు తిరిగి మాట్లాడడం మానండి, పెదవులు కనబడాలి. మేధో వైకల్యం ఉన్న పిల్లకు అదే పాఠంలో చిన్న గమ్యం పెట్టండి. అందరూ భాగహారం చేస్తుంటే ఆమె చింతగింజలు పదేసి కుప్పలు పోస్తుంది. నోట్లు గుర్తుపట్టడం, బస్సు బోర్డు చదవడం, తన పేరు, ఊరు పేరు రాయడం ఆమె గమ్యాలు. ఒక మూల కూర్చోబెట్టి రంగులు వేయించడం చదువు చెప్పడం కాదు. అక్షరాలు నిలవని పిల్లలకు ఇసుకలో వేలితో, గాలిలో చేతితో, గరుకు కాగితం మీద తడిమి రాయించండి. గుణింతం మొత్తం ఒకేసారి అప్పజెప్పించక, ఒక వారం తలకట్టు, దీర్ఘం మాత్రమే పట్టండి. సాంఘికశాస్త్రం అతనికి వస్తుందో లేదో నోటితో అడిగి తెలుసుకోండి, చదవడం రానందున చరిత్ర కూడా రాదనుకోకండి.

ఐదు తరగతులకు ఇద్దరు టీచర్లున్న బడిలో ఇదంతా సాధ్యమా అని మిత్రులు అడుగుతారు. అడగవలసిందే. అందరికీ అన్నీ చేయలేము. ఇద్దరు పిల్లలను ఎంచుకుని, ఒక్కొక్కరికి ఒకటే మార్పు, ఒక నెల చేయండి. 2022 ఆగస్టులో మొదలైన తొలిమెట్టు కార్యక్రమం పిల్లలను తరగతిని బట్టి కాక స్థాయిని బట్టి చూడమన్నది. కొంతసేపు ఆ విధంగా జట్లు కట్టడం మంచిదే. అయితే జట్టు తరచు మారాలి. జూన్‌లో వెనక జట్టులో చేరినవాడు మార్చిలోనూ అక్కడే ఉంటే అది కొత్త రకం వెనక బెంచీ. జంటలు కట్టేటప్పుడు కూడా ఎప్పుడూ ఒకడే నేర్పేవాడు, ఒకడే నేర్చుకునేవాడు కాకూడదు. చదవలేని పిల్లవాడు సైకిలు చైను ఎట్లా వేయాలో తరగతికి చూపించనీయండి.

మన మక్తబ్‌ల గురించి చెప్పకుండా ముగిస్తే ఈ ప్రసంగం సగమే. విద్యాహక్కు చట్టం, 2009, సెక్షన్ 17 బడిలో కొట్టడాన్ని, మానసికంగా వేధించడాన్ని నిషేధించింది. 2012 సవరణ ప్రకారం మదరసాలకు, వేదపాఠశాలలకు ఆ చట్టం వర్తించదు. దానిని మన హక్కుల రక్షణగా స్వాగతించాము. స్వాగతించినవారి మీద ఒక బాధ్యత పడింది. ఆ గదిలో బెత్తాన్ని ఆపవలసింది ఇప్పుడు మనమే. పిల్లల పట్ల క్రూరత్వాన్ని 2015 బాలల న్యాయ చట్టం సెక్షన్ 75 ఎక్కడైనా శిక్షిస్తుంది, అది వేరే విషయం. అబస సూరా ఏ సందర్భంలో అవతరించిందో ఉస్తాదులకు మేము చెప్పనక్కరలేదు. హజ్రత్ అబ్దుల్లా ఇబ్నె ఉమ్మె మక్తూమ్ అంధులు. ప్రవక్త (స) వారు ఆయనను మస్జిదులో అజాన్ ఇచ్చేవారిగా నియమించారు, మదీనా బయటికి వెళ్లినప్పుడు పట్టణాన్ని ఆయనకు అప్పగించారు. కంఠస్థం నిలవని పిల్లవాడికి సబక్ తగ్గించి, విని నేర్చుకునే వీలు కల్పించడానికి ఇంతకన్నా పెద్ద ఆధారం అక్కరలేదు.

ఇక చట్టం ఇచ్చినవి. వికలాంగుల హక్కుల చట్టం, 2016, వైకల్యాల జాబితాను ఏడు నుంచి ఇరవై ఒకటికి పెంచింది. డిస్లెక్సియా వంటి అభ్యసన వైకల్యాలు, ఆటిజం అందులో ఉన్నాయి. నిర్దేశించిన స్థాయి వైకల్యం ఉన్నట్టు ధ్రువపడితే ఆరేళ్ల నుంచి పద్దెనిమిదేళ్ల వరకు ఉచిత విద్య హక్కు. మామూలు విద్యాహక్కు పద్నాలుగుతో ఆగిపోతుందని గుర్తుంచుకోండి. అభ్యసన వైకల్యానికి ఎనిమిదేళ్లు నిండాకనే ధ్రువపత్రం ఇవ్వాలనీ, పద్నాలుగు, పద్దెనిమిదేళ్లకు మళ్లీ పరీక్షించాలనీ 2018 నాటి మార్గదర్శకాలు చెప్పాయి. పత్రం ఉంటే పదో తరగతి పరీక్షలో లేఖకుని సహాయం, అదనపు సమయం అడగవచ్చు. అయితే పత్రం లేదని తరగతిలో సహాయం ఆపే అధికారం ఎవరికీ లేదు. మేము చెప్పిన సీసా మూతకు ఏ పత్రం కావాలి?

“కాగితం తెస్తే రేపు అమ్మాయికి రిష్తా రాదు” అని కొందరు తల్లులు మాతో రహస్యంగా అన్నారు. ఆ భయాన్ని మేము తేలిక చేయము. ఆ కాగితం ఇంటి పెట్టెలో ఉండేది, గోడకు అంటించేది కాదు. బడిలోనూ అది తెలియవలసింది హెడ్మాస్టరుకు, తరగతి టీచరుకు మాత్రమే. ఆ మాట హెడ్మాస్టరు నుంచి ముందే తీసుకోండి. చదువు లేకుండా ఇంట్లో కూర్చున్న అమ్మాయికి వచ్చే రిష్తాలు ఎటువంటివో కూడా ఆ తల్లులకు తెలుసు.

ఎక్కడికి పోవాలి? మండల స్థాయిలో ప్రత్యేక అవసరాల పిల్లల కోసం భవిత కేంద్రాలు ఏర్పాటు చేశారు. అక్కడి రిసోర్సు టీచర్లే బడులకూ, నడవలేని పిల్లల ఇళ్లకూ వెళ్లాలి. మీ బడికి చివరిసారి ఎప్పుడు వచ్చారో హెడ్మాస్టరును అడగండి. రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమం వైద్య బృందం అంగన్‌వాడీకి ఏడాదికి రెండుసార్లు, బడికి ఒకసారి రావాలి. కళ్లు, చెవులతో పాటు ఎదుగుదలలో ఆలస్యం కూడా వారు చూడవలసిన జాబితాలో ఉంది. వారు వచ్చే రోజున అనుమానం ఉన్న పిల్లవాడు బడిలో ఉండేటట్టు చూసుకోవడం మన పని. సమగ్ర శిక్షా కింద వైకల్యం ఉన్న బాలికలకు నెలకు 200 రూపాయల చొప్పున పది నెలలు ఉపకార వేతనం ఉంది. చిన్న మొత్తమే, కాని ఆ జాబితాలో పేరు ఎక్కితే మిగిలిన వాటికీ దారి పడుతుంది. ఇంకా లోతైన పరీక్ష కావాలంటే సికింద్రాబాద్ మనోవికాస్ నగర్‌లో 1984 నుంచి జాతీయ సంస్థ ఉంది. మణుగూరు నుంచి సికింద్రాబాద్‌కు రైలు ఉంది.

కార్యకర్తలకు ఒక పని. ప్రాథమిక స్థాయిలో ప్రత్యేక అవసరాలున్న ప్రతి పది మంది పిల్లలకు, ఆపై తరగతుల్లో పదిహేను మందికి ఒక ప్రత్యేక ఉపాధ్యాయుడు ఉండాలని రజనీష్ కుమార్ పాండే కేసులో 2021 అక్టోబరులో సుప్రీంకోర్టు చెప్పింది. పోస్టులు ప్రకటించండని 2025 మార్చిలో రాష్ట్రాలను మళ్లీ ఆదేశించింది. గుర్తించిన పిల్లల సంఖ్యను బట్టి పోస్టులు వస్తాయి. మొద్దు, మొండి అన్న పేర్లతో వెనక బెంచీలో ఉన్నవారు ఆ లెక్కలోకి రారు. కాబట్టి అర్జీ పట్టుకుని వెళ్లకముందు మన మండలంలో ఎందరు పిల్లలున్నారో బడివారీగా లెక్క తీయాలి. ముస్లిం పిల్లలనే లెక్కిస్తే అర్జీ బలహీనపడుతుంది. ఈ మండలంలో ఎక్కువ మంది కోయ పిల్లలే, వారి తల్లిదండ్రులతో కలిసి ఒకే కాగితం మీద సంతకాలు పెట్టాలి. పాఠశాల యాజమాన్య కమిటీలో నాలుగింట మూడు వంతుల మంది తల్లిదండ్రులు ఉండాలనీ, సగం మంది స్త్రీలు ఉండాలనీ, బలహీన వర్గాల తల్లిదండ్రులకు తగిన పాలు దక్కాలనీ విద్యాహక్కు చట్టం అన్నది. వైకల్యం ఉన్న పిల్లలు 2012 సవరణతో ఆ వర్గాల్లో చేరారు. మన బడుల కమిటీల్లో అటువంటి పిల్లల తల్లి ఒక్కరైనా ఉన్నారా అని ఈ వారంలోనే చూడండి.

భోజనాల తర్వాత మేము ఆ వేపచెట్టు కింద రెండు బల్లలు వేసుకుని కూర్చుంటాము. పిల్లల నోటుపుస్తకాలు తెచ్చినవారు తీసుకురండి, ఖాయిదా తెచ్చినా మంచిదే. పిల్లవాడిని వెంట తెచ్చినవారు అతని ముందు అతని గురించి ఫిర్యాదు చేయవద్దు, అతనిని ఆడుకోనిచ్చి మీరు మాత్రమే రండి. మూడు గళ్ల కాగితాలు కొన్ని రూళ్లు గీసి ఉంచాము. రాయడం రాని తల్లులు ఉర్దూలోనో, కోయలోనో చెప్పండి. రాసుకోవడానికి మా వాళ్లు ముగ్గురు ఉన్నారు.